ఎఱ్ఱరాళ్ళ వేట – ఇంట తీసిన చిత్రము

రత్నములను గూర్చి స్త్రీలకు తెలిసినంతగా మఱెవ్వరికిని తెలియదని లోకమందొక వాడుక గలదు. విచారించి చూచినచో మనకు తెలిసినది రత్నము గాదు, నగ మాత్రమే. కమ్మలలో పొదిగిన ఎఱ్ఱరాయి యే కొండలో పుట్టినదో, ఏ వాగులో దొరలి వచ్చినదో, దానిని మొట్టమొదట వంగి యెత్తిన చేయి యెవరిదో మనమెన్నడును అడుగము. కంసాలి పెట్టెలోనే దాని జన్మము జరిగినట్లు తలంతుము. ఆ వంగిన చేతిని గూర్చియు, దానిని చలనచిత్రముగా తీయుటను గూర్చియు నాకు తెలిసిన నాలుగు మాటలు సోదరీమణులకు విన్నవింతును.

చలనచిత్ర మనగానే పెద్ద దీపములు, వేషములు, లక్షల ద్రవ్యము కావలయునని భయపడ నక్కఱలేదు. ఈ దినములలో ఇంటింట చేతిఫోను గలదు, ఫోనులో కెమెరా గలదు. తాము చూచినదానిని తమ చేతితోనే పట్టి, తమ గొంతుతోనే చెప్పుచు తీయు చిత్రములు డాక్యుమెంటరీలలో ఒక ప్రత్యేకశాఖగా వన్నెకెక్కినవి. వానిని స్వానుభవ చిత్రములని మనము పిలుచుకొందము. రాళ్ళవేటను గూర్చి అట్టివి యూట్యూబులో కోకొల్లలుగా నున్నవి. వానిలో మంచివి యుండవచ్చును గాని నేను చూచినవానిలో ఎక్కువభాగ మొకే అచ్చున పోసినవి: ఒకడు నేలవైపు చూచుచు నడచును, వంగును, మెఱయుచున్న రాయి నొకదానిని ఎత్తి చూపును, లక్షలు చేయునని చెప్పును.

మేముండునది ఖమ్మముసీమకు, భద్రాచలపు అడవికి సరిహద్దున. 2016 అక్టోబరు 11వ తేదీనుండి ఈ భాగము భద్రాద్రి కొత్తగూడెము జిల్లా యైనది. కొత్తగూడెమనగానే అందఱికిని సింగరేణి నల్లబొగ్గే జ్ఞప్తికి వచ్చును. ఆ నల్లబొగ్గు పక్కనే ఎఱ్ఱరాయి కూడ నున్నదని తెలిసినవారు తక్కువ. కొత్తగూడెమునకు దగ్గఱ గరీబుపేట యను గ్రామమునొద్ద నొక గుట్ట గలదు. దాని రాతిలో గార్నెట్టు అను మణిజాతి పుట్టినది. వానకు రాయి చివికి, గింజలు విడిపడి, చుట్టుపట్ల మట్టిలోను వాగుల గులకలోను చేరినవి. గార్నెట్టు అను పేరు దానిమ్మపండునకు లాటిను భాషలో గల పేరునుండి వచ్చినదందురు. దానిమ్మగింజను నీటిలో కడిగి వెలుతురున పట్టినచో ఎట్లుండునో ఈ రాయియు నట్లే యుండును గనుక ఆ పేరు తగియున్నది. మన గరుడపురాణమందు రత్నపరీక్షాధ్యాయములలో పులకమను మణి చెప్పబడినది. అది యీ రాయియే యని కొందఱు పండితుల యభిప్రాయము.

దీని చరిత్ర చిన్నది గాదు. 1824లో మరణించిన వైసీ యను ఆంగ్లవైద్యుడు, భూమికొలతల శాఖవెంట హైదరాబాదు రాజ్యమున తిరిగి ఇచ్చటి రాళ్ళను పరీక్షించిన భూగర్భశాస్త్రజ్ఞుడు, గరీబుపేట గార్నెట్లను గూర్చి వ్రాసియుంచెను. పుదుచ్చేరి చెంతనున్న అరికమేడులో రోమనులతో వర్తకము సాగిన కాలమునాటి పూసలు, అరగదీసిన ఎఱ్ఱరాళ్ళు దొరకినవి. కార్ల్ ష్మెట్జర్, ఆల్బర్ట్ గిల్గ్ మొదలగు శాస్త్రజ్ఞులు ఆ రాళ్ళలోని రసాయన సంఘటనమును, లోపలి సూక్ష్మఖనిజముల యమరికను పరిశీలించి, అవి మన గరీబుపేటనుండి పోయినవేయని 2017లో ప్రకటించిరి. నడుమ ఆఱువందల కిలోమీటర్లకు పైబడిన దూరము! ఇంత ఖ్యాతిగల రాయి మా యూరిలో నేమి వెలపలుకునని యడిగినచో, సన్నగింజకు వెలయే లేదనవలెను. లోకమున తీయబడు గార్నెట్టులో చాలభాగము ఉప్పుకాగితమునకును, ఇనుమును ఒరయుటకును పోవుచున్నది.

మా మేనల్లుడు కళాశాలలో చదువుచున్నాడు. నిరుడు సెలవులకు వచ్చి, "అత్తయ్యా, మన వాగులలో మణులున్నవట గదా, నేనొక చిత్రము తీసెదను, నీవు మాటలు వ్రాసి యిమ్ము" అనెను. అరణ్యములోనికి మాత్రము పోవలదని మావారు మొదటనే కట్టడిచేసిరి. 1967 నాటి అటవీచట్టము ప్రకారము అడవిలోని రాయియు, ఇసుకయు, ఖనిజమును కూడ అటవీ ఫలసాయమే. అనుమతి లేక తీసికొనిపోరాదు. మావారికి తెలిసిన యొక కోయకుటుంబమువారి పట్టాచేనిలోనుండి చిన్నవాగొకటి పాఱుచున్నది. ఆ యింటి అవ్వను అడిగి, ఏమియు తీసికొనిపోమని మాటయిచ్చి, మృగశిరకార్తె మొదలు నాలుగు ఆదివారములు అచ్చటికి పోయితిమి. గుట్టపేరు గ్రంథములకెక్కినది గనుక వ్రాసితిని. వాగుపేరు వ్రాయను. ఎందుకో ముందు తెలియగలదు.

రాళ్ళు వెదకుటలో గల నేర్పును చూచినప్పుడు నాకు నవ్వు వచ్చినది. అది మనము దినదినము వంటింట చేయుపనియే. బియ్యము గాలించుట యెఱుగని యాడుది గలదా? పళ్ళెములో నీరుపోసి, మెల్లగా త్రిప్పి, బియ్యమును ఆవలిగిన్నెలోనికి జార్చి, అడుగున నిలిచిన రాళ్ళను పాఱవైతుము. అచ్చటను అదే పళ్ళెము, అదే త్రిప్పుట. పాఱవేయునది పైనున్న ఇసుక, దాచుకొనునది అడుగున నిలిచిన రాయి. కారణము స్పష్టము. ఇసుకలోని తెల్లరాయి నీటికంటె రెండున్నర రెట్లకు కొంచెము మించి బరువుగలది; గార్నెట్టు నాలుగురెట్ల బరువు. కావున కదలించినకొలది అది క్రిందికి దిగును. మేనల్లుడు పళ్ళెమును జల్లెడవలె గడగడలాడించి అన్నియు నీటిపాలు చేసెను. నేను రెండుమాఱులు గాలించి చూపగానే పళ్ళెపుటడుగున నల్లని గింజలొక చారగా నిలిచినవి. అతడు ఆ చేతులనే చిత్రించెను. ఆ భాగమునందు మాటలేవియు వ్రాయలేదు. నీటిచప్పుడు చాలునని తోచినది.

నల్లని గింజలంటిని. నిజమే, ఈ మణి చేతిలో నున్నప్పుడు నల్లగానే యుండును. ఆకాశమున కెదురుగా పట్టినప్పుడే లోపలి ఎఱుపు బయటపడును. ఇది కెమెరాకు పెద్దచిక్కు తెచ్చినది. ఫోను తనంతట తానే వెలుతురును సరిచేసికొనుచు రాతిని మసిబొగ్గుగా చూపెను. తెల్లని పంచె నొకదానిని నేను రెండుచేతుల చాచిపట్టి ఎండను దానిమీదినుండి రాతివెనుకకు త్రిప్పగా అప్పుడు రంగు వచ్చినది. చేతులు నొప్పిపుట్టినవి గాని, దాదాసాహెబు ఫాల్కేగారి సతీమణి సరస్వతీబాయిగారు తలపునకు వచ్చిరి. 1913లో వెలువడిన రాజా హరిశ్చంద్ర చిత్రమునకై ఆమె యెండలో తెల్లదుప్పట్లు పట్టుకొని నిలిచెను, ఫిల్ముఅంచులకు రంధ్రములు వేసెను, పనివారందఱకు వండిపెట్టెను, ధనము చాలనప్పుడు తన నగల నిచ్చెను. మన దేశపు చలనచిత్రమునకు మొదటిపెట్టుబడిలో నొక యిల్లాలి బంగారము గలదని చరిత్రకారులు అధోజ్ఞాపికలో వ్రాసి యూరకుందురు.

ఇఁక కొలత యను విషయము. చిత్రమునందు గింజయు గుండును ఒక్కటే పరిమాణముగా కనుపట్టును. అందుచే ప్రతిరాతి చెంతను ఒక బియ్యపుగింజ నుంచి చిత్రింపుమని చెప్పితిని. మా పన్నెండు నిమిషముల చిత్రములో చూపఱులెల్లరును మొట్టమొదట మెచ్చినది ఆ బియ్యపుగింజనే. గాలిచప్పుడు మాటలను మింగకుండుటకై ఫోను చెవికి పాతచీరముక్క యొకటి చుట్టితిమి. ఈపాటి యుపాయములు ఎవరికివారికే తోచును.

మొదటి ఆదివారము మూడుగంటలు గాలించినను ఆవగింజలంత పొడి తప్ప మఱేమియు లేదు. రెండవనాడు వాన. మూడవనాడు జొన్నగింజలంతవి నాలుగు. సెలవులు ముగియవచ్చినవి. మేనల్లుని మొగము చిన్నబోయినది. ఆ రాత్రి భోజనమువేళ మెల్లగా నొక యుపాయము చెప్పెను: పట్టణమునుండి సానపట్టని పెద్ద గార్నెట్టు నొకదానిని కొనితెచ్చి, గులకలో పెట్టి, నేనే దానిని కనుగొన్నట్లు చిత్రింతమని. తన పక్షమునకు పెద్దల దృష్టాంతము కూడ తెచ్చెను. 1922లో అమెరికావాసి ఫ్లాహర్టీ మంచుదేశపు వేటగానిని గూర్చి తీసిన నానూకు చిత్రము డాక్యుమెంటరీలకు తాతవంటిది గదా. అందులో మంచుయింటిని వెలుతురుకై ఒకపక్క తెఱచి కట్టించిరి, తుపాకులకు అలవాటుపడినవారిచే ఈటెలతో వేటాడించిరి. వారు చేసినది మనము చేసిన తప్పా యనెను.

మావారు నవ్వి యూరకుండిరి. నేను యూరకుండలేదు. ఆ మంచుయింటిని కట్టుట ఆ జనులకు నిజముగా వచ్చిన విద్య. దానిని కెమెరాకై మఱల చేసి చూపిరి. తప్పో ఒప్పో పెద్దలు తేల్చుకొందురుగాక. పెద్దరాతిని కొనితెచ్చి వాగులో దొరకినదని చూపుట వేఱు. చూచినవాడు ఆ వాగునకు గడ్డపారతో బయలుదేఱును.

ఇది నేనూరక అన్నమాట గాదు. మా వీధిలో నొక యిల్లాలున్నది. ఆమె పెనిమిటి కూలిపనులు మానక చేసికొను మనుష్యుడే. రెండేండ్లక్రిందట ఫోనులో వజ్రాలవేట చిత్రములు చూచుట కలవాటుపడెను. కర్నూలుజిల్లా జొన్నగిరి, తుగ్గలి పొలములలోను, అనంతపురము జిల్లా వజ్రకరూరు ప్రాంతమునను తొలకరివానలకు మట్టికొట్టుకొనిపోయి అప్పుడప్పుడు వజ్రములు బయటపడు మాట సత్యమే. ఏటేట దూరదేశములనుండి జనులు వచ్చి, చెట్లక్రిందను గుడిమంటపములందును పండుకొని, దున్నిన చేలలో నేలచూపులతో తిరుగుదురు. దొరకినను వర్తకుడు చెప్పినదే వెల. ఈతడు భార్యమెడలోని గొలుసును కుదువపెట్టి రెండు వానకాలములు పోయివచ్చెను. వజ్రము లేదు, మలేరియా వచ్చినది, గొలుసు ఇంకను విడిపింపబడలేదు. మా మేనల్లుడు తన యుపాయమును చెప్పిన మఱునాడు ఆమె మజ్జిగకు వచ్చినప్పుడు నేనీ ప్రస్తావన తెచ్చితిని. ఆమె కొంతసేపు గిన్నెవైపు చూచి, "ఆ బొమ్మలలో దొరికినోళ్లే కనపడతారమ్మా. మా ఆయన ఏ బొమ్మలోనూ లేడు" అనెను. అతడు వాకిటనే యుండి వినెను. పెద్దరాయి మాట మఱల నెత్తలేదు.

విశాఖమన్యమున గొలుగొండ మండలములోని కరక ప్రాంతపు రంగురాళ్ళ సంగతి పత్రికలలో చదివినవా రెఱుగుదురు. రాత్రివేళల దొంగచాటుగా కొండను సొరంగములుగా త్రవ్వుచు, మన్ను విఱిగిపడి చనిపోయినవారు కలరు. రాతిని కొనినవాని పేరు వెలికి రాదు, క్రింద పడినవాడు మాత్రము కూలివాడు. పూర్వము కొల్లూరు వజ్రపుగనిని పదునేడవ శతాబ్దమున చూచిన తావెర్నియే యను ఫ్రెంచివర్తకుడు, అచ్చట పురుషులు త్రవ్వుచుండగా స్త్రీలును పిల్లలును మట్టిమోయుచుండిరనియు, అందఱును కలిసి అఱువదివేలమంది యుందురనియు వ్రాసెను. ఆ వజ్రములకు పేళ్ళున్నవి, చరిత్రలున్నవి. మట్టిమోసినవారిలో ఒక్కతె పేరును మనకు రాలేదు. వాగుపేరు ఎందుకు దాచితినో ఇప్పుడు సోదరీమణులకు బోధపడియుండును. 1997లో సర్వోన్నత న్యాయస్థానము సమత యను సంస్థ తెచ్చిన వ్యాజ్యెమున, షెడ్యూలు ప్రాంతపు భూములలో గిరిజనేతరులకు గనుల కౌళ్ళు చెల్లవని తీర్పు చెప్పినది. ఆ తీర్పు కాగితముమీద అవ్వచేనిని కాపాడును. పదిమంది గడ్డపారలతో వచ్చు రాత్రి కాపాడుటకు మా మౌనముకూడ కొంత కావలసియున్నది.

ఆ సందర్భముననే మేనల్లునికి ఆగ్నెస్ వార్దా యను ఫ్రెంచిదేశపు స్త్రీని గూర్చి చెప్పితిని. ఆమె 1928లో పుట్టి 2019లో పరమపదించెను. 2000 సంవత్సరమున, డెబ్బదిరెండేండ్ల వయస్సున, అరచేత పట్టు చిన్న డిజిటలు కెమెరాతో తన దేశమంతయు తిరిగి పరిగె యేరుకొనువారిని గూర్చి చిత్రము తీసెను. పైరు కోసికొనిపోయిన పిమ్మట చేలలో మిగిలిన గింజలను బీదవారేరుకొనుట మనకెఱుకయే. అచ్చట బంగాళాదుంపలు. అంగడివారు వలదని పాఱబోసిన దుంపలలో హృదయాకారముగల వానిని ఆమెయు ఏరి యింటికి తెచ్చుకొనెను. ఒకచేత కెమెరాను పట్టుకొని రెండవచేతి ముడుతలను చిత్రించెను. ఒకచోట కెమెరాను ఆపుట మఱచిపోగా, దాని మూత త్రాటికి వ్రేలాడుచు నేలమీద నాట్యమాడిన దృశ్యము నమోదైనది. ఆమె దానిని పాఱవేయక చిత్రములో చేర్చి, సంగీతము జోడించెను. రాళ్ళ వేటగాడును పరిగె యేరుకొనువాడే గదా. వాన దున్నిన చేలలో మిగిలినది ఏరుకొనును. ఆమె చిత్రమును చూచినపిదప మావాడు దొరకిన రాళ్ళనుగాక వెదకెడి చేతులను చిత్రింప మొదలిడెను.

నాలుగవ ఆదివారమున అవ్వ తనంతట వచ్చి మా చెంత గూర్చుండెను. మేనల్లుడు పళ్ళెములోని గింజలను చూపి, ఇవి రెండువేల యేండ్లనాడు రోమునగరమువారితో వర్తకమైన రాళ్ళని గొప్పగా చెప్పెను. ఆమె వ్రేలితో కదిపి, "ఇయ్యా? మా నాగలికి ఎప్పుడూ తగుల్తనే ఉంటయి బిడ్డా. అన్నంలకు రావు, కూరలకు రావు" అనెను. పిమ్మట ఏ వానకు వాగు ఏ యొడ్డు కోయునో, ఏ చింతచెట్టు క్రింద గులక నిలుచునో, తాను పిల్లగానున్నప్పుడు గురిగిలో ఎఱ్ఱగింజలు పోసి వంటయాటలాడినదియు చెప్పెను. నడుమ మేక యొకటి సజ్జచేనిలో పడగా లేచి, దాని వంశమంతటిని ఎత్తి తిట్టెను. ఆమె చూపినచోటనే ఆ సాయంకాలము శనగగింజంత రాయి దొరకినది. అంచులరిగినను, పండ్రెండు పలకలుగా పుట్టిన దాని రూపము కొంత తెలియుచునే యుండెను. ఎండకెదురుగా పట్టి చూచి, అవ్వచేతికిచ్చితిమి. ఆమె మరల నీటిలోనికి విసరెను. మేనల్లుడు అయ్యో యనిన ధ్వనియు చిత్రములో నున్నది.

ఆఱుగంటలకు పైగా తీసినదానిని కత్తిరించుట మాకు పదిరాత్రుల పనియైనది. వట్టిచేతులతో గడచిన గంటలను అక్షరములలో చూపవలెనని నేను పట్టుపట్టితిని: మొదటి ఆదివారము, మూడుగంటలు, ఏమియు లేదు, రెండవది, వాన. దొరకిన క్షణమును మాత్రము నడుమ తెంపక, పళ్ళెము మునుగుటనుండి రాయి తేలువఱకు ఒకే యెత్తున ఉంచితిమి. తెంపు ఉన్నచోట చూపఱికి అనుమానమునకు హక్కుండును. రాయి వెల ఎంతయని యెవ్వరైన అడుగుదురని యెఱిగి, వెల లేదని చివర నా గొంతుతోనే చెప్పితిని.

అవ్వకు చూపక ముందు ఎవరికిని చూపరాదని మావారి నిబంధన. ఆమె యింటి గోడకు మా తెల్లపంచెనే కట్టి, పాఠశాలలో పనిచేయు స్నేహితుడొకడు తెచ్చిన యంత్రముతో ప్రదర్శించితిమి. కోయగూడెపు స్త్రీలు పదునైదుగురు, పిల్లలు లెక్కకు మించి వచ్చిరి. తన మొగము కనబడినప్పుడు అవ్వ సిగ్గుపడలేదు. తాను చెప్పినది సరిగా నున్నదో లేదో యని చెవియొగ్గి వినెను. గరీబుపేట, అరికమేడు, రోము అను పేరులకు ఎవ్వరును కదలలేదు. బియ్యపుగింజ వచ్చినప్పుడు స్త్రీలు నవ్విరి. చిత్రము ముగియగానే అవ్వ మేనల్లునివైపు తిరిగి, "నేను మేకను తిట్టిందేది? అది తీసేసినవా?" అని యడిగెను. రాళ్ళకు సంబంధము లేదని అతడు దానిని కత్తిరించియుండెను. ఆమె యొప్పుకొనలేదు. ఆ రాత్రియే దానిని తిరిగి చేర్చినాడు. చిత్ర మిప్పుడు 12 నిమిషముల 40 సెకండ్లు. ఆ 40 సెకండ్లును మేకవి.